అమెరికా స్థావరం పక్కన చదువు: జర్మనీకి పంపవచ్చునా?

ప్రశ్న: మా అబ్బాయికి జర్మనీలో కైజర్స్‌లౌటర్న్ అనే ఊరిలోని విశ్వవిద్యాలయంలో కంప్యూటర్ సైన్సు ఎం.ఎస్. సీటు వచ్చింది. ట్యూషన్ ఫీజు లేని చదువు కావడంతో ఇంటిల్లిపాదీ సంతోషించాము. అయితే మా బావగారు పటం తెరిచి చూపించి, ఆ ఊరి పక్కనే అమెరికా వారి పెద్ద వైమానిక స్థావరం ఉన్నదనీ, యుద్ధమంటూ వస్తే మొదటి దెబ్బ అక్కడే పడుతుందనీ, పైగా జర్మనీ మళ్ళీ కుర్రవాళ్ళను సైన్యంలోకి పిలుస్తున్నదనీ చెప్పారు. అంత సంపన్న దేశం పరాయి సైన్యాన్ని ఎందుకు ఉంచుకున్నది, అది నిజంగా స్వతంత్ర దేశమేనా అని కూడా అడుగుతున్నారు. అబ్బాయిని పంపవచ్చునా?
— ఒక తండ్రి, ఏలూరు

సమాధానం: పంపవచ్చును. ఈ మాట ముందుగానే చెబుతున్నాను, ఎందుకంటే ఇకమీదట వ్రాయబోయేది కొంత పొడవుగా ఉంటుంది, దానిని మీరు కలవరంతో గాక తీరికగా చదవాలి. మీ బావగారు చెప్పిన వాస్తవాలలో అబద్ధమేమీ లేదు. స్థావరం ఉన్నది, అది పెద్దదే, జర్మనీ తన సైన్యాన్ని పెంచుకుంటున్న మాటా నిజమే. ఆ వాస్తవాల నుండి ఆయన చేరిన నిర్ణయాలే నాకు సరిగా తోచడం లేదు.

సైన్యంలోకి పిలుస్తారన్న భయాన్ని ముందుగా తీర్చుకుందాము, దానికి సమాధానం చట్టంలోనే ఉన్నది. జర్మనీ రాజ్యాంగంలోని 12ఎ అధికరణం 18 ఏళ్ళు నిండిన పురుషులకు సైనిక సేవను విధించడానికి వీలు కల్పిస్తుంది. ఆ అధికారంతో చేసిన నిర్బంధ సైనిక సేవా చట్టం వర్తించేది జర్మన్ పౌరులకు. 1957 ఏప్రిల్‌లో మొదటి విడత యువకులు శిక్షణకు వెళ్ళారు. 2011 జూలై 1న ఆ పద్ధతిని శాంతికాలానికి నిలిపివేశారు గాని, చట్టాన్ని పూర్తిగా రద్దు చేయలేదు. ఇప్పుడు వార్తలలో వినిపిస్తున్నది 2025 డిసెంబరులో పార్లమెంటు ఆమోదించగా 2026 జనవరి 1 నుండి అమలులోకి వచ్చిన కొత్త సైనిక సేవా చట్టం. దాని ప్రకారం 2008లోనూ ఆ తరువాతనూ పుట్టిన జర్మన్ యువతీయువకులకు 18 ఏళ్ళు రాగానే ఒక ప్రశ్నావళి అందుతుంది. యువకులు దానిని తప్పనిసరిగా నింపి పంపాలి, యువతులకు అది ఐచ్ఛికం. యువకులకు తప్పనిసరి వైద్యపరీక్ష కూడా దశలవారీగా వస్తుంది. సైన్యంలో చేరడం మాత్రం ఇప్పటికీ ఇష్టాన్ని బట్టే. చాలినంత మంది ముందుకు రాకపోతే నిర్బంధంగా పిలవడానికి పార్లమెంటు మళ్ళీ వేరుగా చట్టం చేయవలసి ఉంటుంది.

భారత పాస్‌పోర్టుతో, విద్యార్థి వీసాతో వెళ్ళే మీ అబ్బాయికి ఆ ప్రశ్నావళి కూడా రాదు. ఇంకా చెప్పాలంటే, అతడు స్వయంగా కోరుకున్నా అక్కడి సైనికుడు కాలేడు. సైనికుల నియామకానికి జర్మన్ పౌరసత్వం ఉండాలని అక్కడి చట్టం చెబుతుంది. చదువు ముగిసి, ఉద్యోగంలో కుదురుకొని, ఐదేళ్ళ నివాసం తరువాత అక్కడి పౌరసత్వం తీసుకోవాలనుకుంటే అప్పుడు హక్కులతో పాటు ఈ బాధ్యత గురించీ ఆలోచించుకోవాలి, భారత పౌరసత్వాన్ని వదులుకోవడం గురించీ ఆలోచించుకోవాలి. అది ఆనాటి సంగతి.

జర్మనీ ఇంత హడావిడిగా సైనికులను ఎందుకు వెదుకుతున్నదంటే, చాలా కాలం వారిని తగ్గించుకుంటూ వచ్చింది కాబట్టి. బుండెస్‌వేర్ అని పిలిచే అక్కడి సైన్యం ప్రచ్ఛన్న యుద్ధం రోజులలో 4 లక్షల 95 వేల మందితో ఉండేది. ఇప్పుడు ఉన్నది రమారమి 1 లక్షా 80 వేల పైచిలుకు. 2022 ఫిబ్రవరి 24న రష్యా ఉక్రెయిన్ మీద దండెత్తిన మూడు రోజులకే అప్పటి చాన్సలర్ ఓలాఫ్ షోల్జ్ పార్లమెంటులో నిలబడి, సైన్యానికి 10 వేల కోట్ల యూరోల ప్రత్యేక నిధిని ప్రకటించారు. ఆ నిధి కోసం రాజ్యాంగాన్నే సవరించారు. 2025 మార్చిలో మరో సవరణ చేసి, జాతీయోత్పత్తిలో ఒక శాతానికి మించిన రక్షణ వ్యయాన్ని అప్పుల పరిమితి నుండి మినహాయించారు. 2023 జనవరి నుండి రక్షణ మంత్రిగా ఉన్న బోరిస్ పిస్టోరియస్ పెట్టుకున్న లక్ష్యం 2035 నాటికి 2 లక్షల 60 వేల మంది సైనికులు. ఆ లక్ష్యం నెరవేరినా, అది ప్రచ్ఛన్న యుద్ధం నాటి సంఖ్యలో సగం కంటే కొంచెమే ఎక్కువ.

ఇక మీ బావగారి అసలు ప్రశ్న: సంపన్న దేశం పరాయి సైన్యాన్ని ఎందుకు ఉంచుకున్నది? దీనికి సమాధానం 1945లో మొదలవుతుంది. ఓడిన జర్మనీని అమెరికా, బ్రిటన్, ఫ్రాన్సు, సోవియట్ యూనియన్ నాలుగు మండలాలుగా పంచుకొని, సైన్యాన్ని రద్దు చేశాయి. పదేళ్ళ పాటు ఆ దేశానికి సైన్యమే లేదు. 1950లో కొరియా యుద్ధం మొదలయ్యాక పశ్చిమ జర్మనీని సాయుధం చేయక తప్పదని అమెరికా భావించింది, కాని ప్రపంచ యుద్ధంలో సర్వం కోల్పోయిన జర్మన్ ప్రజలలో చాలామంది మాకు మళ్ళీ ఆ తుపాకులు వద్దని వీధులకెక్కారు. చివరికి 1955 మేలో పశ్చిమ జర్మనీ నాటో కూటమిలో చేరింది, అదే ఏడాది నవంబరు 12న మొదటి 101 మంది స్వచ్ఛంద సైనికులు నియామక పత్రాలు అందుకున్నారు. నాటో మొదటి ప్రధాన కార్యదర్శి లార్డ్ ఇస్మే ఆ కూటమి ఉద్దేశాన్ని రష్యన్లను బయట, అమెరికన్లను లోపల, జర్మన్లను కింద ఉంచడమని చమత్కరించినట్లు చెబుతారు. (1947లో ఢిల్లీలో మౌంట్‌బాటెన్ వద్ద ప్రధాన సహాయకుడిగా ఉండి దేశ విభజనను దగ్గరుండి చూసిన ఇస్మే ఈయనే.)

ఆ చమత్కారంలో చేదు ఉన్నది గాని, జర్మన్లు దానిని వేరే విధంగా తమకు అనుకూలం చేసుకున్నారు. తమ సైన్యం మళ్ళీ తమనే మింగకుండా ఉండటానికి వారు కట్టుకున్న ఏర్పాట్లు నిజంగా ఆసక్తికరమైనవి. శాంతికాలంలో సైన్యం మీద అధికారం రక్షణ మంత్రిది. దేశం మీద దాడి జరిగినప్పుడు మాత్రమే అది చాన్సలర్‌కు మారుతుంది. సైనికుడు తన పై అధికారులను దాటి నేరుగా ఫిర్యాదు చేసుకోవడానికి పార్లమెంటు నియమించే ప్రత్యేక ప్రతినిధి ఒకరు ఉంటారు, ఆ పదవిని 1956లోనే రాజ్యాంగంలో చేర్చారు. విదేశాలలో సాయుధ చర్యకు సైన్యాన్ని పంపాలంటే పార్లమెంటు అనుమతి ఉండి తీరాలని 1994 జూలై 12న రాజ్యాంగ న్యాయస్థానం తీర్పు చెప్పింది. ఇటువంటి సైన్యం ఒంటరిగా యుద్ధానికి వెళ్ళడానికి కాక, కూటమిలో ఒక భాగంగా పోరాడటానికి తయారైనది. అణ్వాయుధాలు తయారు చేయబోమనీ, దగ్గర ఉంచుకోబోమనీ జర్మనీ ఒప్పందాల ద్వారా మాట ఇచ్చింది. కాబట్టి పెద్ద శత్రువు ఎదురైతే అమెరికా అండ లేకుండా నిలబడగలిగే ఏర్పాటు దానికి ఇప్పటి వరకు లేదు. అమెరికా స్థావరాలు ఆ ఖాళీని నింపుతున్నాయి. డబ్బు లేక కాదు, ఆ ఖాళీని చాలా దశాబ్దాలు తెలిసే వదిలిపెట్టారు. నా అభిప్రాయంలో అందులో వివేకమూ ఉన్నది, ఖర్చు తప్పించుకునే సుఖమూ ఉన్నది, రెండింటినీ విడదీయడం జర్మన్లకే కష్టం.

స్వతంత్ర దేశమేనా అన్న సందేహానికి రాజకీయ ఉపన్యాసాల కంటే ఒప్పందాల కాగితాలే మంచి జవాబు. తూర్పు, పశ్చిమ జర్మనీలు ఏకం కావడానికి ముందు, 1990 సెప్టెంబరు 12న మాస్కోలో రెండు జర్మనీలూ నాలుగు విజేత దేశాలూ సంతకం చేసిన ఒడంబడికతో ఆ నాలుగింటికీ జర్మనీ మీద మిగిలి ఉన్న హక్కులు ముగిశాయి. దానికి బదులుగా జర్మనీ తన సైన్యాన్ని 3 లక్షల 70 వేలకు మించనివ్వనని ఒప్పుకున్నది. తూర్పు జర్మనీ ప్రాంతంలో విదేశీ దళాలను గాని అణ్వాయుధాలను గాని మోహరించరాదన్న నియమం కూడా అందులోనే ఉన్నది. ఇవాళ అమెరికా స్థావరాలన్నీ దేశానికి పశ్చిమ, దక్షిణ భాగాలలోనే కనిపించడానికి కారణం కొంత ఆ నియమం, కొంత 1945 నాటి మండలాల పంపకం.

ఆ స్థావరాలు ఉన్నది 1954 అక్టోబరు 23న పారిస్‌లో కుదిరిన విదేశీ దళాల ఉనికి ఒడంబడిక కింద. రెండేళ్ళ ముందు నోటీసు ఇచ్చి దానిని రద్దు చేసుకోవచ్చునని 1990లో మార్చుకున్న లేఖలలో ఉన్నది. అంటే జర్మన్ ప్రభుత్వం గట్టిగా అనుకుంటే పొమ్మని చెప్పగలదు. చెప్పకపోవడం దాని రాజకీయ నిర్ణయం. పరాయి సైన్యాలు వెళ్ళిపోవడం ఊహకు అందని సంగతి కూడా కాదు. ఒకప్పుడు తూర్పు జర్మనీలో మూడు లక్షలకు పైగా ఉన్న సోవియట్ సైనికులలో చివరివారు 1994 ఆగస్టు 31 నాటికి వెళ్ళిపోయారు. కెనడా వారు ఆ కాలంలోనే తమ వైమానిక స్థావరాలు మూసుకున్నారు. ఉత్తర భాగంలో దశాబ్దాలుగా ఉన్న బ్రిటిష్ దళాలు 2020 నాటికి దాదాపుగా ఖాళీ చేసి, శిక్షణ మైదానం కోసం కొద్దిమందిని మాత్రం ఉంచాయి. అమెరికన్లే 1980లలో సుమారు రెండున్నర లక్షల మంది ఉండేవారు. ఇటీవలి సంవత్సరాలలో ఆ సంఖ్య 35 వేల చుట్టుపక్కల ఉంటూ వచ్చింది. 2020లో అధ్యక్షుడు ట్రంప్ దాదాపు 12 వేల మందిని తీసుకుపోతామన్నప్పుడు ఎక్కువగా బాధపడినది స్థావరాల పక్కన ఉన్న జర్మన్ ఊళ్ళ మేయర్లు, దుకాణదారులు. మరుసటి ఏడాది బైడెన్ ఆ నిర్ణయాన్ని ఆపివేశారు.

స్థావరం లోపలి నేల అమెరికా భూభాగమని చాలామంది అనుకుంటారు, అది పొరపాటు. భూమి జర్మనీదే, వాడుకునే హక్కు మాత్రమే అమెరికాది, సూత్రప్రాయంగా అక్కడ జర్మన్ చట్టమే అమలులో ఉంటుంది. సైనికుల హోదాను నిర్ణయించేది 1951లో నాటో దేశాలన్నీ లండన్‌లో చేసుకున్న ఒప్పందం, దానికి జర్మనీ కోసం 1959లో చేర్చి 1993లో సవరించిన అనుబంధ ఒప్పందం. మీ బావగారి అనుమానానికి కాస్త బలం చేకూర్చే చోటు ఒకటి ఉన్నదంటే అది ఈ అనుబంధ ఒప్పందమే. డ్యూటీలో లేని అమెరికన్ సైనికుడు జర్మన్ పౌరుడి మీద నేరం చేస్తే విచారించే మొదటి హక్కు జర్మనీది. అయితే ఆ హక్కును జర్మనీ సాధారణంగా వదులుకుంటుందని, ముఖ్యమైన కేసులలో మాత్రం వెనక్కి తీసుకోవచ్చునని అందులో వ్రాసుకున్నారు. 2023లో విట్లిష్ పట్టణపు తిరునాళ్ళలో ఒక స్థానిక యువకుడు కత్తిపోట్లకు మరణించిన కేసులో ఇలాగే జరిగింది. విచారణ అమెరికా సైనిక న్యాయస్థానానికి వెళ్ళింది, నిందితుడైన సైనికుడు నిర్దోషిగా బయటపడ్డాడు. ఆ ఊరివారి ఆగ్రహం ఇప్పటికీ చల్లారలేదంటే ఆశ్చర్యం లేదు. ఒక ప్రభుత్వం తన హక్కును తానే ఇంత తేలికగా వదులుకోవడం నాకూ నచ్చదు. కాని పరాధీనత ఉన్న చోట వదులుకోవడానికి హక్కే ఉండదు.

ఇప్పుడు మీ అబ్బాయి వెళ్ళే ఊరి సంగతికి వద్దాము. కైజర్స్‌లౌటర్న్ లక్ష జనాభా ఉన్న నగరం, రైన్‌లాండ్-ఫాల్జ్ రాష్ట్రంలో అడవుల మధ్య ఉంటుంది. దానికి పడమరగా పది పదిహేను కిలోమీటర్ల దూరంలో ఉన్నది రామ్‌స్టైన్ వైమానిక స్థావరం. 1950ల మొదట్లో కట్టిన ఈ స్థావరంలోనే ఐరోపాలోని అమెరికా వాయుసేన ప్రధాన కార్యాలయమూ, నాటో వాయు దళాల ఉమ్మడి కేంద్రమూ ఉన్నాయి. సైనికులు, వారి కుటుంబాలు, పౌర ఉద్యోగులు అందరూ కలిసి ఆ చుట్టుపక్కల 50 వేలకు పైబడిన అమెరికన్లు ఉంటారు. అమెరికా వెలుపల ఇంత పెద్ద అమెరికన్ సైనిక సముదాయం మరొకటి లేదు. వారి నోట ఊరి పొడవైన పేరు కే-టౌన్‌గా కుదించుకుపోయింది. పక్కనే ఉన్న లాండ్‌స్టూల్‌లో అమెరికా వెలుపల వారి అతి పెద్ద సైనిక ఆసుపత్రి ఉన్నది. ఇరాక్, అఫ్గానిస్తాన్ యుద్ధాలలో గాయపడిన వేలాది సైనికులను మొదట తీసుకువచ్చినది అక్కడికే. 2021లో కాబూల్ నుండి తరలించిన అఫ్గాన్ కుటుంబాలు రామ్‌స్టైన్‌లోనే గుడారాలలో రోజులు గడిపాయి. 2022 ఏప్రిల్ 26న ఉక్రెయిన్‌కు ఆయుధ సాయం కూడగట్టే దేశాల బృందం మొదటిసారి సమావేశమైనదీ అక్కడే.

దేశంలో ఇతర స్థావరాల గురించి క్లుప్తంగా చెబుతాను. ష్టుట్‌గార్ట్‌లో ఐరోపాకూ ఆఫ్రికాకూ చెందిన రెండు అమెరికన్ సంయుక్త కమాండ్లు, వీస్‌బాడెన్‌లో అమెరికా భూసేన ప్రధాన కార్యాలయం, బవేరియాలో గ్రాఫెన్‌వోర్ శిక్షణ మైదానం, లక్సెంబర్గ్ సరిహద్దు వైపు స్పాంగ్‌డాలెంలో యుద్ధ విమానాలు ఉన్నాయి. బ్యూషెల్ అనే చిన్న ఊరి పక్కన ఉన్నది మాత్రం జర్మన్ వాయుసేన స్థావరమే. అమెరికా అణుబాంబులు అక్కడ ఉన్నాయన్నది అందరికీ తెలిసిన రహస్యం, ప్రభుత్వాలు ఔననవు, కాదనవు. వాటిని మోయవలసింది జర్మన్ పైలట్లు నడిపే టోర్నాడో విమానాలు. వాటి స్థానంలోకి 35 ఎఫ్-35 విమానాలు కొనడానికి 2022లో ఒప్పందం చేసుకున్నారు. బాంబుల మీద అధికారం అమెరికా అధ్యక్షుడిదే. 2010లో జర్మన్ పార్లమెంటు ఈ బాంబులను తీసివేయడానికి కృషి చేయమని తీర్మానించింది, అవి ఇంకా కదలలేదు.

రామ్‌స్టైన్ మీద జర్మన్లలోనే తీవ్రమైన అభ్యంతరం ఉన్న విషయం డ్రోన్లు. యెమెన్ వంటి చోట్ల దాడి చేసే డ్రోన్ల సంకేతాలు అమెరికా నుండి రామ్‌స్టైన్‌లోని ఉపగ్రహ కేంద్రం మీదుగా వెళతాయి. 2012లో అటువంటి దాడిలో బంధువులను కోల్పోయిన యెమెన్ పౌరులు జర్మన్ ప్రభుత్వం మీద దావా వేశారు. 2019లో మ్యూన్‌స్టర్‌లోని ఉన్నత పరిపాలనా న్యాయస్థానం వారితో కొంతవరకు ఏకీభవించింది, 2020లో లైప్‌జిగ్‌లోని పై న్యాయస్థానం ఆ తీర్పును కొట్టివేసింది, 2025 జూలై 15న రాజ్యాంగ న్యాయస్థానం కూడా వారి ఫిర్యాదును తోసిపుచ్చింది. విదేశాలలోని వారిని కాపాడే బాధ్యత కొన్ని షరతుల మీద జర్మనీకి ఉండవచ్చునని మాత్రం ఒప్పుకున్నది. స్థావరానికి వ్యతిరేకంగా శాంతివాదులు శిబిరాలు వేసి నిరసన తెలుపుతూ వచ్చారు. మీ అబ్బాయి సహాధ్యాయులలో ఆ పక్షం వారూ ఉంటారు, స్థావరంలో తండ్రి ఉద్యోగం చేసే వారూ ఉంటారు. ఇద్దరితోనూ మాట్లాడితే అతడికి ఆ దేశం నా ఉత్తరం కంటే బాగా అర్థమవుతుంది.

ఇక ప్రమాదం సంగతి. నాటోకూ రష్యాకూ పూర్తి స్థాయి యుద్ధమే వస్తే రామ్‌స్టైన్ లక్ష్యాలలో ఒకటి అవుతుంది, అందులో సందేహం లేదు. అటువంటి యుద్ధంలో ష్టుట్‌గార్ట్ గాని వీస్‌బాడెన్ గాని ఫ్రాంక్‌ఫర్ట్ విమానాశ్రయం గాని మినహాయింపు కావు. అప్పుడు కైజర్స్‌లౌటర్న్‌ను వదిలి మరో జర్మన్ నగరాన్ని ఎంచుకోవడం వల్ల ఒరిగేది దాదాపు ఏమీ ఉండదు. ఆ మాటకొస్తే తూర్పు నౌకాదళ ప్రధాన కేంద్రం మన విశాఖపట్నంలోనే ఉన్నది. 1971 డిసెంబరులో ఘాజీ అనే పాకిస్తాన్ జలాంతర్గామి ఆ తీరం దాకా వచ్చి అక్కడే మునిగిపోయింది. అయినా పిల్లలను విశాఖ కళాశాలలకు పంపేటప్పుడు నౌకాదళం ఉన్నదని ఎవరూ వెనుకాడరు, వెనుకాడనక్కర లేదు కూడా.

జరిగిన దుర్ఘటనలను కూడా దాచడం లేదు. 1981 ఆగస్టు 31న జర్మన్ వామపక్ష తీవ్రవాదులు రామ్‌స్టైన్ ప్రధాన కార్యాలయం ముందు కారుబాంబు పేల్చి పలువురిని గాయపరిచారు. 1988 ఆగస్టు 28న అక్కడి వైమానిక ప్రదర్శనలో ఇటలీ విన్యాస బృందపు మూడు విమానాలు ఢీకొని, ఒకటి జనం మీద పడటంతో 70 మంది మరణించారు. 2011 మార్చిలో ఫ్రాంక్‌ఫర్ట్ విమానాశ్రయంలో అమెరికా వాయుసేన సిబ్బంది ఎక్కిన బస్సు మీద ఒక దుండగుడు కాల్పులు జరపగా ఇద్దరు చనిపోయారు. తీవ్రవాదుల గురి అమెరికా సైన్యం మీదనే ఉన్నది గాని ఊరి మీద లేదు. 1988లో పోయినవారిలో ఎక్కువమంది మాత్రం ప్రదర్శన చూడటానికి స్థావరం లోపలికి వెళ్ళిన మామూలు జనం. తరగతికీ ప్రయోగశాలకూ మధ్య తిరిగే విద్యార్థికి స్థావరం గేటు దాటవలసిన పనే ఉండదు.

ఈ మధ్య కాలంలో నిజంగా పెరిగినది గూఢచర్యం మీద అనుమానం. 2024 ఏప్రిల్‌లో బవేరియాలో ఇద్దరిని అరెస్టు చేసినప్పుడు, వారు రష్యా కోసం అమెరికా సైనిక స్థావరాలను పరిశీలించి ఫొటోలు తీశారన్నది ఆరోపణ. కాబట్టి మీ అబ్బాయికి గట్టిగా చెప్పవలసిన మాట ఇది: స్థావరం కంచె, గేటు, సైనిక వాహనాల ఫొటోలు తీయకూడదు, సరదాకైనా సామాజిక మాధ్యమాలలో పెట్టకూడదు. కెమెరా డ్రోను ఉంటే ఇంట్లోనే వదిలివెళ్ళమనండి. సైనిక ప్రదేశాల దగ్గర అనుమతి లేకుండా దానిని ఎగరేయడం నిషిద్ధం. తల మీదుగా తక్కువ ఎత్తులో పెద్ద రవాణా విమానం వెళ్ళినప్పుడు ఫోను బయటికి తీయాలనిపించడం సహజమే, అయినా నివాస అనుమతి మీద ఉన్న విదేశీ విద్యార్థి పోలీసుల ప్రశ్నలకు సమాధానం చెప్పుకునే పరిస్థితి తెచ్చుకోనక్కర లేదు.

అతడికి స్థావరం ప్రభావం రోజూ తగిలేది క్షిపణుల రూపంలో కాదు, ఇంటి అద్దె రూపంలో. అమెరికన్ సిబ్బందికి ఇంటి అద్దెకు మంచి భత్యం వస్తుంది కనుక చుట్టుపక్కల పల్లెలలో చాలామంది యజమానులు వారికే ఇవ్వడానికి ఇష్టపడతారు. అందువల్ల విశ్వవిద్యాలయ ప్రవేశ పత్రం చేతికి రాగానే విద్యార్థి వసతి గృహానికి దరఖాస్తు చేయించండి, వీసా వచ్చే దాకా ఆగవద్దు. గది దొరకక మొదటి నెలలు పడే అవస్థే మన పిల్లలలో చాలామందికి జర్మనీలో ఎదురయ్యే మొదటి కష్టం. గది చూసుకునేటప్పుడు విమానాల రాకపోకల దారి కింద ఉన్నదా అని అడగమనండి. స్థావరానికి ఆనుకున్న పల్లెలలో ఆ మోత నిజంగానే ఎక్కువ, విశ్వవిద్యాలయం ఉన్న నగరపు దక్షిణ భాగంలో అంత ఉండదు.

స్థావరంలో ఉద్యోగం దొరుకుతుందేమోనన్న ఆలోచన చాలామంది మన విద్యార్థులకు వస్తుంది కాబట్టి ఆ మాట కూడా చెబుతాను. దాని చుట్టూ తిరగడం వృథా. ఆ ఊరిలోనే ఫ్రాన్‌హోఫర్ పరిశోధనా సంస్థలు, కృత్రిమ మేధ మీద పని చేసే డీఎఫ్‌కేఐ ఉన్నాయి. విద్యార్థులు హివి అని పిలుచుకునే సహాయకుల పనులు విశ్వవిద్యాలయంలోనూ ఈ సంస్థలలోనూ దొరుకుతాయి. ఐరోపా సమాఖ్య వెలుపలి విద్యార్థులు ఏడాదికి 140 పూర్తి రోజులు పని చేయవచ్చునన్న పరిమితిలో అవి చక్కగా ఇముడుతాయి, చదువుకూ పనికివస్తాయి. అమెరికన్ స్నేహితులు కుదిరితే మంచిదే. అయితే స్థావరం దుకాణాలలో వారికి పన్ను లేకుండా వచ్చే సిగరెట్లు, మద్యం, పెట్రోలు వంటివి వారి దగ్గర కొనడం సుంకాల చట్టం కింద నేరమని అతడికి తెలిసి ఉండాలి. ఇందులో చిక్కుకునేవాళ్ళు సాధారణంగా చవక బేరమనుకొని చిక్కుకుంటారు.

ఊరు చేరిన తరువాత చేయవలసినవి ఇవి. గదిలో దిగిన రెండు వారాలలోపు పురపాలక కార్యాలయంలో చిరునామా నమోదు చేసుకోవాలి. విపత్తు హెచ్చరికల కోసం జర్మన్ ప్రభుత్వం నడిపే నీనా యాప్‌ను ఫోనులో పెట్టుకోవాలి. రెండో ప్రపంచ యుద్ధంలో పడి పేలకుండా మిగిలిపోయిన బాంబులు జర్మన్ నగరాలలో తవ్వకాలలో ఇప్పటికీ బయటపడుతుంటాయి. అప్పుడు నిపుణులు వాటిని నిర్వీర్యం చేసే వరకు చుట్టుపక్కల వీధులను కొన్ని గంటలు ఖాళీ చేయిస్తారు, ఆ సమాచారం యాప్‌లో వస్తుంది. ఏటా సెప్టెంబరు రెండో గురువారం ఉదయం 11 గంటలకు దేశమంతటా హెచ్చరికల వ్యవస్థను పరీక్షిస్తారు. సైరన్లు మోగుతాయి, ఫోన్లు గట్టిగా అరుస్తాయి, అది పరీక్ష మాత్రమే. రైన్‌లాండ్-ఫాల్జ్ రాష్ట్రం ఫ్రాంక్‌ఫర్ట్‌లోని భారత కాన్సులేట్ పరిధిలోకి వస్తుంది. అతడు వెళ్ళిన మొదటి వారంలోనే ఆ కార్యాలయపు అత్యవసర ఫోను నంబరును అతడి దగ్గరా మీ దగ్గరా వ్రాసి పెట్టుకోండి.